పాట పోయిన కార్ల ఆట

హలో… ఆ, నేనే వినోదా, గంగాదాస్ అన్నను. కాలు ఎట్లున్నది?… సిమెంటు కట్టు ఇంక మూడు వారాలా? అయ్యో.

ఆ… నీ ప్లేస్టేషన్ కార్ల ఆట సంగతే. కంప్యూటర్ల ఆడుతున్నది! డిస్క్‌ల ఉన్నదంత ఒక్క ఫైల్ చేసిన. రేపు మీ కమ్మర్‌పల్లి వచ్చి నీ కంప్యూటర్ల ఎక్కిస్త…

ఇంకేమన్న ఉన్నదా?… ఏం లేదు… ఉన్నది. చెప్త, తిట్టకు.

నీ కాలు విరిగినప్పుడే, పండుకొని ఆడుకుంటవని చేసిన చెల్లె. ఫైల్ పెద్దగైంది, పెన్‌డ్రైవ్‌ల పట్టలే. చిన్నగ చేసే సాఫ్ట్‌వేర్ల ఏసిన. అది ఇంగ్లీషుల ఏమో అడిగింది… చదివితే గద! ఎస్, ఎస్ అని కొట్టిన… ఆ, నేనే. పెర్కిట్‌ల నలభై మందికి కంప్యూటర్ చెప్పే సారును.

'పాటలు తీసెయ్యాల్నా' అని అడిగిందట… తీసేసింది. కార్లు ఉరుకుతయి, బ్రేకులు కీచుమంటయి. పాట రాదు.

పెద్ద ఫైలా?… జాగ సాలలేదని డిలీట్ కొట్టిన.

మల్ల చెయ్యాలంటె అసలు డిస్క్ కావాలె… అది మక్కచేన్ల ఉండె.

చేన్లనే. పిట్టలు బెదురుతయని కట్టెకు కట్టిన… అమ్మ కాదు, నేనే! కాపీ అయింది గద, ఇగ దీంతోని ఏం పని అనుకున్న. నెల రోజులు ఎండల ఊగింది. ఇయ్యాల తెచ్చి పండ్లపొడితోని తోమిన… ఉన్న మెరుపు గూడ పోయింది. ఇగ పిట్టలు గూడ బెదరయి.

… నీ డిస్క్ అది అంటవా?…

తెలుసు. పెండ్లయి పోయేనాడు నా చేతుల పెట్టినవ్. 'పైలం అన్నా' అన్నవ్. నా అసొంటోనికి ఇచ్చుడే నీ తప్పు.

… ఏడవకు. ఇంకో ముచ్చట విను. పొద్దుగాల ఆట పెట్టిన. మూగగ నడుస్తున్నది. అమ్మ పక్కన పసుపు కొమ్ములు ఏరుతున్నది. కార్లను జూసి, 'పాటేదిరా?' అన్నది.

… మన అమ్మనే! గా డబ్బా పలగ్గొడ్త అని రోజు తిట్టిన అమ్మనే. 'పోయిందే' అన్న. కొమ్ములు ఏరుకుంటనే కూనిరాగం తీసింది. మొత్తం పాట! నడుమల డప్పు సప్పుడుతోని సహా… ఐదేండ్లు వంటింట్లకెల్లి విన్నది గద.

నేనా? పరేషాన్. మొబైల్ల రికార్డ్ చేస్త అంటె సిగ్గుపడి లేసి పోయింది…

నువ్వు అడుగుతవా? అడుగు. నా మాట ఈ ఇంట్ల కోడి గూడ ఇనది… అమ్మా! వినోద. పాట వినాల్నట.

… వస్తున్నది, చేతులు కడుక్కుంటున్నది… ఏందే?… నా ముందల పాడదట. నేను బయటికి పోవాల్నట. పోతున్న తీ.

అమ్మా, ఫోన్ తిర్లేసి, తలకిందుల పట్టినవ్… ఆ, గిట్ల. ఇగ పాడు.