తలుపేసుకుని తెచ్చుకున్న స్టే

ఆఫీసు ఎదురుగా టీ కొట్టు బల్ల మీద చతికిలబడి, గ్లాసు ఊదుకుంటూ గుమాస్తా బాబాయ్ మొదలెట్టాడు.

"నేనేం ఘనకార్యం చేయలేదమ్మా నర్సమ్మా. బదిలీ చేశారు, వెళ్ళనన్నాను, అంతే. సెలవు చీటీ పడేసి ఇంట్లో తలుపేసుకున్నా. చేతికి కాగితం ఇస్తేనే కదా రిలీవ్ చేసినట్టు? ప్యూను వచ్చాడు, తియ్యలేదు. సూపరింటెండెంటు వచ్చాడు, తియ్యలేదు. ఆఖరికి పెద్దాఫీసరే గ్యాస్ బండ భుజాన పెట్టుకుని మారువేషంలో వచ్చాడు! బూట్లు చూసి పట్టేశా."

"అబ్బో!" అన్నాడు కొట్టువాడు.

"అబ్బో ఏంట్రా, అసలు కథ ముందుంది. కోర్టుకెళ్ళానా, మా లాయరుకి నోరు పెగల్లేదు. నువ్వు కూర్చోవయ్యా అని నేనే అందుకున్నా. పొద్దున మొదలెడితే పొద్దుగూకింది. అవతలి లాయరు వలవలా ఏడ్చి మా వైపొచ్చి కూర్చున్నాడు. ఆ తర్వాత ఏమైందో తెలుసా? జడ్జిగారు గబగబా కిందికి దిగొచ్చి, 'గురువుగారూ, నాకూ బదిలీ అయింది, మీ పిటిషన్ కాపీ ఒకటి ఇప్పించండి' అన్నారు చెవిలో! ఇక బదిలీ ఆపమని ఆయనిచ్చిన స్టే ఎంత గట్టిదనుకున్నావ్? ఆయన సంతకం పెట్టగానే గోడ గడియారం ఆగింది, ఫ్యాను ఆగింది, బయట పడుతున్న వాన కూడా ఎక్కడిదక్కడ ఆగిపోయింది!"

అందరూ నవ్వారు. నర్సమ్మ నవ్వలేదు. ఆమెకి బదిలీ ఆర్డరు నిన్ననే వచ్చింది. కూతురికి వినపడదు, అలాంటి పిల్లల బడి ఈ ఊళ్ళో తప్ప చుట్టుపక్కల ఎక్కడా లేదు.

"అయితే బాబాయ్, నేనూ సెలవు పెట్టి తలుపేసుకుంటే చాలా? కోర్టుకి వచ్చే వారం వెళ్ళొచ్చా?"

"నిక్షేపంలా! నిన్నెవడు కదుపుతాడో నేనూ చూస్తా."

పక్కనే టీ తాగుతున్న ఆఫీసు టైపిస్టు గ్లాసు కింద పెట్టింది.

"ఊరుకోండి బాబాయ్, పిల్ల బతుకది. నర్సమ్మా, ఈయన తలుపు తియ్యకపోతే రిలీవింగ్ ఆర్డరు ఆ తలుపుకే అంటించి పోయారు. స్టే వచ్చిన మాట నిజమే. కానీ అందులో 'ఇంకా రిలీవ్ కాకుండా ఉంటేనే' అని ఓ ముక్క ఉంది. అప్పటికే ఈయన రిలీవ్ అయిపోయాడు. స్టే ఎందుకూ కొరగాలేదు."

"మరి బాబాయ్‌ది ఈ ఊరేగా?"

"ఈ ఊరేంటి? ఈయన కోర్టుకెక్కిందే ఈ ఊరికి రానని. పెళ్ళాం పిల్లలు ఆ పాత ఊళ్ళోనే ఉన్నారు. ఈయన ఇక్కడ అద్దె గదిలో చెయ్యి కాల్చుకుంటున్నాడు."

నర్సమ్మ ఏం చెయ్యాలో తోచక బాబాయ్ మొహంలోకి చూసింది. ఆయన చల్లారిన టీ పక్కన పారబోశాడు.

"నా మొహం చూస్తావేంటమ్మా," అన్నాడు విసుగ్గా. "సెలవూ వద్దు గిలవూ వద్దు. కోర్టు ఇంకా మూయలేదు, పరిగెత్తు."