ఫోర్మన్ అన్న ఒక్క మాట

ఆ అఫిడవిట్టు కాయితం నావైపు తిప్పక్కర్లేదు లాయరమ్మా. మీరు చదువుకుంటుంటేనే ఇటునుంచి నేనూ చదివేశాను. ముప్పై నాలుగేళ్ళు ప్రభుత్వ ప్రెస్సులో కంపోజిటర్ని, తలకిందుల అక్షరం చదవడమేగా నా బతుకు. అందులో నాలుగో పేరా ఉంది చూశారూ, దాని కింద నేను సంతకం పెట్టలేనమ్మా.

అబ్బే, మీరు బాగా రాయలేదని కాదు. మొదటి మూడూ ముత్యాల్లా ఉన్నాయి. చేత్తో పనిచేసేవాడికి అరవై దాకా ఉద్యోగం, పైన నిలబడి చేయించేవాడు యాభై ఎనిమిదికే ఇంటికి. నేను చేత్తో చేసినవాణ్ణే. సీసం అక్షరాలు పోయి కంప్యూటర్లొచ్చాక కూడా చేసినవాణ్ణే. ఎవరి మీదైనా పెత్తనం చేశానా? మా ఇంట్లో పిల్లి కూడా నా మాట వినదు.

కానీ సీనియారిటీ లిస్టులో నా పేరు పక్కన ఫోర్మన్ అని ఉంది. ఇరవై తొమ్మిదేళ్ళుగా ఉంది. ఆఫీసువాళ్ళు అది పట్టుకుని, నువ్వు ఫోర్మన్‌వి, నీకు యాభై ఎనిమిది నిండాయి, ఇక దయచెయ్యి అంటున్నారు.

నవ్వొస్తుందమ్మా. ఉద్యోగమంతా కేసు ముందే నిలబడ్డాను. మేం అక్షరాలు పోసుకునే గళ్ళ పెట్టెని కేసనే అంటాం. ఆ కేసులో ఏ అక్షరం ఏ గడిలో ఉందో కళ్ళు మూసుకుని తీసేవాణ్ణి. ఈ కేసులో కళ్ళు తెరిచి చూసినా దారి దొరకట్లేదు.

నాకా రెండేళ్ళు ఎందుకో మీకు తెలుసు. మా ఆవిడకి మంగళవారం, శుక్రవారం మిషను మీద రక్తం శుద్ధి చేయించాలి. ఉద్యోగుల ఆస్పత్రి కార్డు నేను సర్వీసులో ఉన్నన్నాళ్ళే. కోర్టు స్టే ఇచ్చింది గనక ఇంకా నడుస్తోంది. అది పోతే మిషను లేదు. మిషను లేకపోతే ఆవిడ ఎన్నాళ్ళుంటుందో డాక్టరు నన్ను పక్కకి పిలిచి వేళ్ళమీద లెక్కపెట్టి చెప్పాడు. బయట చేయించే తాహతు నాకు లేదు. ఎవరి కాళ్ళు పట్టుకోమన్నా పట్టుకుంటాను. అబద్ధం చెప్పమన్నా చెప్తాను, అలవాటు లేనిదేం కాదు.

కానీ ఆ నాలుగో పేరాలో ఏం రాశారు? తప్పు ఆనాటి ప్రూఫ్ రీడర్ నిర్లక్ష్యం వల్ల జరిగిందని. ఆయన బతికే ఉన్నాడమ్మా. నన్నెప్పుడూ పేరు పెట్టి పిలవలేదు, తమ్ముడూ అనే పిలిచేవాడు. ఇప్పుడు చూపు ఆనట్లేదు. కోర్టు పిలిస్తే కర్ర పట్టుకుని తడుముకుంటూ వచ్చి, తమ్ముడు చెప్పాడంటే నిజమే అయ్యుంటుంది, నా పొరపాటేనేమో అంటాడు. నా భయమల్లా అదే.

ఆయన పొరపాటు కాదు. కాదని నాకెలా తెలుసంటే... కాసిని మంచినీళ్ళు ఇలా ఇస్తారా?

పెళ్ళైన కొత్తలో మా బావమరిది ఇంటికొచ్చాడు. ఇంజనీరు. భోజనాల దగ్గర నలుగురిలో, మా బావ, కోడి గింజలేరుకున్నట్టు, రోజంతా అక్షరాలేరుకుంటాడు అన్నాడు. అందరూ నవ్వారు. నేనూ నవ్వాను. మా ఆవిడ మాత్రం తింటున్నదల్లా కంచంలో చెయ్యి కడిగేసుకుని లేచిపోయింది.

ఆ వారమే సీనియారిటీ లిస్టు పేర్చడానికి నా చేతికొచ్చింది. నా పేరు దగ్గరికొచ్చేసరికి చెయ్యి మాట వినలేదు. ఫోర్మన్ అని పేర్చాను. ఒక్క ప్రూఫు తీసి ఇంట్లో చూపించి, మర్నాడు మార్చేద్దామనుకున్నాను. చూపించాను. ఆవిడ చేతులు తుడుచుకుని మరీ పట్టుకుంది. మూడుసార్లు చదువుకుంది.

మర్నాడు ప్రూఫ్ రీడరు తన ప్రూఫులో ఆ మాట చుట్టూ ఎర్రసిరాతో సున్నా చుట్టి తెచ్చాడు. ఇదెప్పుడయింది తమ్ముడూ అన్నాడు. ఆర్డరు అయిపోయింది అన్నయ్యా, ఇంకా బయటికి రాలేదంతే అన్నాను. ఆయన నా భుజం తట్టి, ఆ సున్నా కొట్టేసి, మరి మిఠాయేదీ అన్నాడు. కొనిపెట్టాను కూడా.

పేర్చిన అక్షరాల కట్టని ఫారం అంటాం, దాన్ని విప్పకుండా తాడుతో కట్టి దాచేవాళ్ళం. ఏటా తేదీ మార్చి, పోయినవాళ్ళ పేర్లు తీసి మళ్ళీ అచ్చు వెయ్యడమే. కంప్యూటర్లొచ్చాక కూడా నా చేతిమీదుగానే వెళ్ళేది. మార్చడానికి రెండు నిమిషాలు పట్టదు. మర్చిపోయానంటే మీరూ నమ్ముతారు, జడ్జిగారూ నమ్ముతారు. మర్చిపోలేదమ్మా. మనసు రాలేదు.

ఆవిడ ఇప్పటికీ ఆస్పత్రిలో నర్సులకి మా ఆయన ఫోర్మనండీ అని చెప్తుంది. ఈ కేసేంటని అడిగితే, మేనేజరు పోస్టు నాకు రావాలి, ఇవ్వట్లేదు అన్నాను. మీరే గెలుస్తారు చూడండి అంది.

ఏంటీ, ఈ ముక్క బయటపెడితే కేసు పోతుందా? రికార్డు తారుమారు చేశానని ఎదురు కేసు నా మీదే పెడతారా? తెలుసమ్మా. పొద్దున్నించీ ఈ వరండాలో అటూ ఇటూ తిరుగుతూ అదే ఆలోచించాను. పెట్టేద్దాం సంతకం, ముసలాయన, ఆయనకేం పోతుందిలే అనుకున్నాను. సిగ్గు లేకుండా అనుకున్నాను. ఆ మిఠాయి గుర్తొచ్చింది. సగం తిని, సగం పొట్లం కట్టి, ఇది మా మరదలికివ్వు, ఫోర్మన్ గారి భార్య కదా అన్నాడు.

కొరివితో తల గోక్కున్నవాణ్ణి నేను. ఆయన తల కూడా ఎందుకు కాలాలి?

ఎర్ర పెన్నుందా? ఇలా ఇవ్వండి. నాలుగో పేరా నేనే కొట్టేస్తాను, కొట్టెయ్యడం ఆయన దగ్గర నేర్చుకున్నదే. పక్కన మీరు రాయండి, పేర్చింది నేనే అని. కింద హోదా దగ్గర ఖాళీ వదిలారేం? కంపోజిటర్ అని రాస్తున్నాను.

మధ్యాహ్నం పిలుస్తారు కదా మన కేసు. ఇవాళ గురువారం. లాయరమ్మా, ఒక్కటి చెప్పండి. ఇవాళ ఓడిపోయినా, రేపు ఒక్క శుక్రవారానికి ఆ కార్డు పనిచేస్తుందా?