డెల్మర్‌కి మూస్ పర్మిట్ వచ్చిన ఏడు

రాలేదా? ఏదీ, ఇలా చూపించు. ఆ ఫోన్లో చీమల్లాంటి అక్షరాలు నాకేం కనపడతాయే, నువ్వే చదువు. ఊఁ. "ఎంపిక కాలేదు." అంతేగా. కిందటేడూ అదే అన్నారు, వచ్చే ఏడూ అదే అంటారు, దానికింత మొహం మాడ్చుకుంటే ఎట్లా టెస్సా. కూర్చో. ఆ కుర్చీ కాదు, దాని కాలు ఊగుతుంది, ఇటు కూర్చో. మూస్‌ని వేటాడే పర్మిట్ అంటే మాటలా మరి, లోయ మొత్తానికి నాలుగిస్తారో ఐదిస్తారో, అడిగేవాళ్ళేమో ఊళ్ళకి ఊళ్ళు. నీకిప్పుడు ఎన్ని పాయింట్లున్నాయి? ఓస్, ఆమాత్రానికే. డెల్మర్ క్విస్ట్ అని ఒకాయన ఉండేవాడు మన ఊళ్ళో, నువ్వు ఉయ్యాల్లో ఉండి ఉంటావప్పుడు. మీ అమ్మనడుగు, తెలుసు. కాలవ మీద లస్కరు. పొద్దున్నే పాత పికప్ వేసుకుని గట్టెమ్మట పోయేవాడు, ఎవరి చేలోకి ఎంత నీళ్ళు వదలాలో తలుపులు తిప్పి వచ్చేవాడు. నీళ్ళ దగ్గర అన్నదమ్ములే పారలతో కొట్టుకుంటారు గదా, ఆయన్ని మాత్రం ఎవరూ పల్లెత్తు మాట అనేవాళ్ళు కాదు. మాట్లాడితే గదా అనడానికి. పలకరిస్తే టోపీ ఒకటి కదిపేవాడు, అంతే.

ఆయన పెళ్ళాం ఒపల్. స్కూలు బస్సు తోలేది. ఈవిడ నోరు ఆయన నోటికీ కలిపి సరిపోయేది. ఒకసారేమైందనుకున్నావు, వంతెన దగ్గర రోడ్డుకి అడ్డంగా మూస్ వచ్చి నించుంది. మగది, గుర్రం కంటే ఎత్తు, గడ్డం వేలాడేసుకుని, కొమ్ములు మంచమంత. ఇంకెవరన్నా అయితే హారన్ కొట్టేవాళ్ళు. ఈవిడ ఇంజన్ ఆపేసి, పిల్లలందర్నీ నోరు మూసుకోమని, స్టీరింగ్ మీద గడ్డం ఆనించి చూస్తూ కూర్చుంది. అది వెళ్ళేదాకా కూర్చుంది. బడి మొత్తం ఆలస్యం. హెడ్మాస్టరు ముక్కుతో మాట్లాడేవాడులే, "ఒపల్ గారూ, దీన్ని నేను పైవాళ్ళకి ఏమని రాయాలండీ" అన్నాట్ట. "ఉన్నదున్నట్టు రాయండి, మూస్‌కి తొందర లేదని" అందిట. ఆ రాత్రి మొగుడితో చెప్పింది, నువ్వు ఏళ్ళ తరబడి ఆ పర్మిట్‌కి పెట్టుకుంటున్నావు గదా, ఇకమీదట నేనూ పెడతాను, ఇద్దరం కలిసి వెళదాం అని. అందమైన జంతువని చూసిందనుకుంటున్నావేమో. చూసింది, నిజమే. ఆ మాంసం ఇంట్లో ఉంటే చలికాలమంతా ఢోకా లేదని కూడా చూసింది. ఒపల్ అలాంటి మనిషి, రెండు కళ్ళతో రెండు చూసేది.

ఇప్పుడు అసలు సంగతి విను. నీకు తెలుసుగా, రాని ఏడల్లా ఒక పాయింటు ఇస్తారు, ఓదార్పు కింద. పాయింట్లెక్కువున్న వాడికి ముందు. డెల్మర్‌కి అప్పటికి ఎంత లేదన్నా పదున్నాయి. ఒకటి రెండేళ్ళు ఓపిక పడితే ఖాయంగా వచ్చేస్తుంది. ఒపల్‌కి సున్నా. జంటగా వేస్తే ఇద్దరివీ కలిపి సగం చేస్తారు. ఇస్తే ఇద్దరికీ ఇస్తారు, లేకపోతే ఇద్దరికీ లేదు. అంటే ఆయన పది కాస్తా ఐదైపోతాయి. ఆ రోజుల్లో అందరం రాస్కో సామాన్ల కొట్లోనే కాగితాలు నింపేవాళ్ళం. రాస్కోకి ఈ లెక్కలన్నీ నోటికొచ్చు, కొట్టు లెక్కలు తప్ప. "ఒరే డెల్మర్, బుద్ధుందా? విడిగా వెయ్యి. రేపో మాపో నీ చేతిలో ఉంటుంది. ఆవిడతో కలిస్తే సగానికి పడిపోతావు" అన్నాడు. "పడితే పడనీ" అన్నాడాయన. "డోనట్ కూడా ఆవిడతో సగమే తింటున్నాగా." అందరం నవ్వాం. ఆయనంత పొడుగు మాట మాట్లాడ్డం అదే వినడం. ఒపల్ కూడా నచ్చజెప్పింది, పోనీ నువ్వు విడిగా వేసుకో, నేను కూడా వచ్చి గుర్రాలు పట్టుకుంటాను అని. "గుర్రాలు పట్టుకోడానికి నిన్ను చేసుకోలేదు" అని సంతకం పెట్టేశాడు.

అట్లా ఎన్నేళ్ళు వేశారో. నీలాగే, జూన్ వచ్చేది, రాలేదనేవాళ్ళు. వీళ్ళు మాత్రం మొహాలు మాడ్చుకున్నది లేదు. వేసవంతా ఆదివారాలు కొండెక్కి, ఆ పైన వాగు పక్కన విల్లో పొదలున్నాయే, అక్కడ కూర్చునేవాళ్ళు. ఆవిడ దుర్భిణీ పట్టుకుని చూసేది, ఆయన శాండ్‌విచ్ పొట్లాం విప్పేవాడు. దిగొచ్చి మా కొట్టు దగ్గర ఆగేవాళ్ళు. మా కొట్టు తెలుసుగా నీకు, ఇప్పుడు టైర్ల షాపు ఉన్న చోట. నేనూ మా ఆయన లైలూ వేటమాంసం కోసి పొట్లాలు కట్టిచ్చేవాళ్ళం. అక్టోబరు వస్తే అన్నం తినడానికి తీరేది కాదు. ఒకసారి ఎవరో జింక బదులు పొరుగువాడి మేకని తెచ్చాడు, పొరపాటున కొట్టానని, ఆ గొడవ ఇంకోరోజు చెప్తాను. ఏం చెప్తున్నాను? ఆఁ, ఒపల్. గల్లా బల్ల మీద మోచేతులు ఆనించి, "ఆర్డిస్, ఇవాళ తల్లీ పిల్లా కనపడ్డాయి, ఆ పిల్ల కాళ్ళేమిటే, కట్టె పుల్లలు" అని గంట చెప్పేది. ఆయన వెనకాల నించుని వినేవాడు. తనూ చూశాడుగా, అయినా కొత్తగా వింటున్నట్టు వినేవాడు.

పోయింది. గుండె. ఫిబ్రవరి, బస్సు వేడెక్కించడానికని బయటికెళ్ళి మళ్ళీ లోపలికి రాలేదు. పిల్లా జెల్లా లేరు. మన్ను గడ్డకట్టుకుపోయి, వసంతం దాకా పాతిపెట్టడానికి కూడా లేకపోయింది. ఆ రోజులు తల్చుకుంటే ఇప్పటికీ నాకు... సరేలే. డెల్మర్ ఏడవలేదు. వచ్చి మా కొట్లో నించునేవాడు. ఏం కావాలయ్యా అంటే ఏం లేదనేవాడు. లైల్ ఒక కుర్చీ వేశాడు, మాంసం కోసే బల్ల పక్కన. కూర్చుని మా చేతులకేసి చూసేవాడు.

దరఖాస్తుల రోజులొచ్చాయి. ఒకరోజు ఆ కుర్చీలోంచి ఉన్నట్టుండి అడిగాడు, "ఆర్డిస్, ఒపల్ పాయింట్లు ఏమవుతాయంటావు?" నాకేం తెలుసు. ఆఫీసుకి ఫోన్ చెయ్యమన్నాను. మర్నాడొచ్చి చెప్పాడు. ఎవరో చిన్నపిల్ల ఎత్తిందిట. ఆయన ఆ పిల్ల గొంతు తియ్యబోయాడు, రాలేదు పాపం, "సార్, పాయింట్లు మనిషికే సార్, ఇంకొకళ్ళకి మారవు సార్, ఆవిడవి తీసేస్తాం సార్. ఇంకేమన్నా సాయం కావాలా సార్" అందిట. తప్పేముంది, రూలది. "ఇంకేం సాయం కావాలా అని ఆలోచిస్తూ నించున్నాను ఆర్డిస్. చూస్తే ఆ పిల్ల పెట్టేసింది" అన్నాడు. నేను చేతిలో కత్తి కింద పెట్టి చేతులు కడుక్కున్నాను.

ఆ ఏడు ఒక్కడే వేశాడు. ఎవరూ వెయ్యమనలేదు, ఎవరూ వద్దనలేదు. వచ్చేసింది. రాక చస్తుందా, సగం చేసే పని లేదుగా. కబురు తెలిసిన రోజు రాస్కో కొట్లో అందరూ ఉన్నారు. రాస్కో చెడ్డవాడు కాదు, నోరు మనిషికంటే ముందు నడిచేది. "మొత్తానికి లెక్క కుదిరిందిరా డెల్మర్" అని భుజం చరిచాడు. అన్నాక తెలిసింది ఏమన్నాడో. డెల్మర్ ఏమీ అనుకోనట్టే, "అవును, కుదిరింది. సగం పంచుకోడానికి ఎవరూ లేరుగా" అన్నాడు. అని తనకి కావలసిన మేకులు తూకం వేయించుకుని వెళ్ళిపోయాడు. రాస్కో ఆ తర్వాత నెల రోజులు నా మొహం చూడలేకపోయాడు, నేనేదో ఆవిడ చుట్టాన్నయినట్టు.

అదే ఆయన్ని తిన్నది టెస్సా. ఆవిడ ఉంటే రానిది ఆవిడ పోతే వచ్చింది. దాన్ని ఎటు తిప్పి పట్టుకుంటావు చెప్పు? మా లైల్ అడిగాడు కూడా, అంత బాధైతే వెనక్కిచ్చెయ్యరాదా, తీసుకుంటారు అని. "ఇచ్చేస్తే ఆ వేట రోజుల్లో ఇంట్లో ఉండాలి లైల్" అన్నాడు. ఊళ్ళో మగాళ్ళంతా మేమొస్తాం మేమొస్తాం అని వెంటపడ్డారు. చూద్దాం, చూద్దాం అనేవాడు. చివరికి మా ఇద్దర్నీ రమ్మన్నాడు, అదీ కింద గుర్రాలతో ఉండమని, తుపాకీ చప్పుడు వింటే పైకి రమ్మని. మూస్‌ని ఒక్కడు మోసుకొచ్చేది కాదుగా.

వెళ్ళాం. తెల్లగా మంచు పట్టి ఉంది గడ్డి మీద. ఆయన పొదల్లోకి వెళ్ళిపోయాడు. లైల్ మంట వేశాడు. ఎండ నడినెత్తికి వచ్చాక వినపడింది, ఒక్కటే చప్పుడు. ఒక్కటే వినపడితే మంచిదే, గురి తప్పలేదన్నమాట. గుర్రాల్ని తోలుకుని ఎక్కాం. నీళ్ళలో పడలేదు, దయతలచి గట్టునే పడింది. పెద్ద మగది. ఆయన పక్కనే కూర్చుని ఉన్నాడు, కత్తి కూడా తియ్యలేదు. మా కోసం కాచుకున్నాడనుకున్నాం.

మాంసం సంగతంటావా, అంతా పంచేశాడు. కాలవ మీద ప్రతి ఇంటికీ ఇచ్చాడు, నీళ్ళ కోసం కొట్టుకున్న వాళ్ళిద్దరికీ కూడా. తనకంటూ ఏమన్నా ఉంచుకున్నాడో లేదో. ఆ కొమ్ములు గోడకి పెట్టించుకుంటాడనుకుంది ఊరు. కొట్టం కప్పు మీద పడేశాడు, ఉడతలు కొరుక్కుతిన్నాయి. వచ్చినవాడు మళ్ళీ ఐదేళ్ళు వెయ్యకూడదు గదా, ఆపైన మళ్ళీ సున్నా నుంచి. మరుసటేడు దరఖాస్తుల రోజుల్లో రాస్కో కొట్టుకొచ్చాడు అలవాటు కొద్దీ. అందరూ బల్ల మీద వంగి రాసుకుంటున్నారు. ఈయనకి రాయడానికేం లేదు. పొయ్యి దగ్గర నించుని చేతులు కాచుకున్నాడు. లైల్‌తో అన్నాట్ట, "జూన్‌లో ఏదో ఒకటి తెలుస్తుందని ఉండేది. ఇప్పుడు జూన్ ఊరికే వస్తోంది" అని. ఆ ఐదేళ్ళూ నిండకుండానే పోయాడు, నిద్రలో. కొత్త లస్కరు చూశాడు ముందు, పికప్ కదలకపోయేసరికి.

ఏంటీ? ఆవిడ మాట ఎత్తాడా అక్కడ, కొండ మీద? ఎత్తలేదు. అంటే, ఎత్తాడు. ఎవరికీ చెప్పలేదు నేనిది, లైల్ విన్నాడు గాని, పోయేదాకా ఆయనా ఎవరితో అనలేదు. కోతకి దిగాం. నీకు తెలుసుగా, అంత జంతువుని వెల్లకిలా తిప్పి, వెనక కాలు ఒకళ్ళు ఎత్తి పట్టుకుంటే గాని కత్తి దిగదు. లైల్ తాళ్ళు విప్పడానికి గుర్రాల దగ్గరికెళ్ళాడు. నేను సంచులు దులుపుతున్నాను. డెల్మర్ మోకాళ్ళ మీద వంగి, తలెత్తకుండా, మామూలుగా, రోజూ అన్నట్టు అన్నాడు, "ఒపల్, ఆ కాలు కాస్త ఎత్తి పట్టుకో."

గుర్రాల దగ్గర లైల్ తాడు విప్పడం ఆపేశాడు.

నేను వెళ్ళి పట్టుకున్నాను. ఎంత బరువో, భుజం మీదికి ఎత్తుకోవలసి వచ్చింది. వెచ్చగా ఉంది ఇంకా. ఆయన తలెత్తలేదు. "ఇంకొంచెం ఇటు" అన్నాడు. ఇటు తిప్పాను. "ఆఁ, చాలు" అన్నాడు. అట్లా చివరిదాకా పట్టుకునే ఉన్నాను, నోరు మెదపకుండా. మాట్లాడితే నా గొంతు నాదని తెలిసిపోతుందిగా. అంతా అయ్యాక లేచి చేతులు గడ్డికి తుడుచుకుని నాకేసి చూశాడు. చాలాసేపు చూశాడు. టోపీ కదిపాడు.

నేనూ అంటుంటాను ఈమధ్య. డబ్బా మూత రాకపోతే లైల్ ఇది కాస్త చూడు అని. అని, చేత్తో పట్టుకుని నించుంటాను.

అది మీ కుక్కేనా తలుపు గీకుతోంది? తియ్యి, లోపలికి రానీ. కాళ్ళు మాత్రం తుడువు.