తుమ్మలగూడ పొలిమేర

"తాతా, ఫోన్ల ఫారం నింపుతున్న. ఇందుల మన తుమ్మలగూడ పేరే లేదు. ఊరు ఏదని రాయాలె?"

పేరెట్లుంటది బిడ్డా, ఊరినే శహర్ల కలుపుకున్నంక? సర్కిల్ నంబరట, వార్డు నంబరట. మనుషులమా, మోటరు బండ్లమా, నంబర్లేసుకొని తిరగనీకె? కడుపు మండుతది నాకు.

గీ పేరుకు చార్మినార్ కాడ ఎంత ఇజ్జత్ ఉండెనో నీకేమెరుక. సైకిల్‌కు ఇటొక పాలక్యాను అటొక క్యాను కట్టుకొని సైదాబాద్ మీదికెల్లి వోతుంటి. లీటరు రూపాయిన్నర... కాదు కాదు, రెండు రూపాలు, మీ నాయన పుట్టిన యేడు గదా. చాయ్ హోటల్ సేఠ్ అందరి పాలల్ల ఏలు ముంచి సూసెటోడు, నీళ్లు కలిపిన్రా అని. నా క్యాను కాడికొస్తే, "తుమ్మలగూడ కా దూద్ హై, దేఖ్‌నా క్యా" అనెటోడు. సూసుడే అక్కర లేదని. గదీ మనూరంటే.

ఇగ బొడ్రాయి పండుగ. ఊరి నడుమ నాటిన రాయికి చేస్తం గద. గా దినం పసుపన్నం గంపకెత్తుకొని, ఊరి సుట్టు పొలిమేర మీద పొలి సల్లేది మన ఇంటోళ్లే. మా తాత, మా బాపు, ఎనక నేను. పొలి తిరిగొచ్చెదాంక లోపటోడు బయటికి పోవద్దు, బయటోడు లోపటికి రావద్దు. ఒకసారి నా బావమరిది అక్కను సూడొస్తే, పొలిమేర తుమ్మచెట్టు కాడ్నే నిలవెట్టిన్రు, పొద్దుగూకెదాంక. మీ నాయనమ్మ ఇప్పటికీ దెప్పుతది.

మొన్న పండుగకు గంప నెత్తినెత్తుకొని పోయిన. తుమ్మచెట్టు లేదు, డివైడర్ ఉన్నది. పొలిమేర ఏది? ఎటుదిక్కు తిరగాలె? బస్సులు, ఆటోలు. నేను నడుమ నిలవడి, పొలి తిరిగెదాంక ఆగున్రి అంటున్న. ఒక ఆటో ఆయన దిగొచ్చి మర్యాదగనే అడిగిండు.

"చాచా, యే కౌన్సా గావ్ హై?"

ఇది ఏ ఊరని నన్ను అడుగుతుండు. గంప ఎట్లున్నది అట్లనే ఇంటికి తెచ్చి, పొలి అన్నం బర్రెకు పెట్టిన. తప్పే. ఏం జెయ్యాలె మరి.

నువ్వు ఊకె అడుగుతవ్ గదా, మన ఊరిని గుంజుకున్నదెవరు తాతా అని. నేను లీడర్లను తిడ్త, ఆఫీసర్లను తిడ్త. ఇయ్యాల జెప్త, ఇను. ఎవ్వడు గుంజుకోలే. గప్పుడు నేను పంచాయితిల వార్డు మెంబర్‌ను. మీటింగ్ పెట్టిన్రు. శహర్ల కలిస్తే నల్లా నీళ్లొస్తయి, మురికినీళ్లకు మోరీలు కడ్తం అన్నరు. మీ నాయనమ్మ ట్యాంకర్ కాడ బిందె కోసం కొట్లాడి మోచెయ్యి ఇరగ్గొట్టుకున్న యేడు అది. అందరు ఒకల మొఖం ఒకలు సూసుకుంటున్నరు. ముందుగాల చెయ్యెత్తింది నేనే. నన్ను సూసి అందరెత్తిన్రు. నల్లా వచ్చింది, అబద్ధమెందుకు. ఊరు వోయింది. పొలిమేర గాసే ఇంటోన్ని, నేనే తుడిపేసిన.

రాయి బిడ్డా. నంబరు కింద ఇంత జాగుంటే తుమ్మలగూడ అని రాయి. కొట్టేస్తే కొట్టెయ్యనీ. ఇటు రా, దగ్గరికి. సల్లగుండు. ఎడమచెయ్యితోని దీవించొద్దంటరు గని, లేకుంటే గా దినం మీటింగ్ల ఎత్తిన గీ కుడిచెయ్యి నీ నెత్తి మీద పెట్టకపోతుంటి.