హంసపాదు లేని కాగితం

హంసపాదు అంటే తెలవదా నీకు? నవ్వు, నవ్వు. ఇంత చదువు చదివినావు, కంపెనీలో ఉద్యోగం చేస్తా ఉండావు, నాలుగు కాగితాలు గుక్క తిప్పుకోకుండా గడగడా చదివేసినావు. హంసపాదులు ఏమన్నా ఉండాయా పాపా అని అడిగితే, అదేంది తాతా, కోడికాళ్ళ కూరా అంటావు. ఇట్టా వచ్చి కూర్చో. ఆ ఫ్యాను కొంచెం తగ్గించు, కాగితాలు ఎగిరిపోతాయి. రిజిస్ట్రీ రేపు పదిన్నరకి గదా, ఇప్పుడేం తొందర? ఈ ఆత్మకూరు ఇల్లు మీ నాయనకి, మా చంద్రశేఖరుకి, రాసిస్తా ఉండా. సంతోషంగానే రాసిస్తా ఉండా, దాంట్లో ఏం లేదు. ఎనక రెండు గదులు మాత్రం మీ అత్త పెంచలమ్మ బతికున్నన్నాళ్ళు ఆమెవి. మొగుడు పోయినాక వచ్చింది, పన్నెండేళ్ళుగా ఆ కుట్టుమిషను పెట్టుకొని ఈడే బతకతా ఉండాది, నాకింత వొండి పెడతా ఉండాది. అదీ రాయించమన్నాను, రాయించినాడంట, నువ్వు చదివినావు, నేను విన్నాను. నా కళ్ళకి ఇప్పుడు వెల్తురు ఒకటే తెలస్తాది, అక్షరం తెలవదు. వినడమే. అందుకే అడిగినాను హంసపాదు సంగతి. ఊరికే అడగలేదు.

అది ఒక గుర్తమ్మా. రాసేటప్పుడు ఒక మాట మర్చిపోతాం గదా, తర్వాత చూసుకుంటాం. అయ్యో పోయిందే అని ఆ సందులో పంక్తి కింద చిన్న గీతలు గీసి, పైన ఆ మాట ఎక్కిస్తారు. ఆ గీతలు పక్షి కాలు మాదిరి ఉంటాయని హంసపాదు అన్నారు. తాటాకుల కాలం నుంచీ ఉండాదంట, బళ్ళో మా అయివారు చెప్పేవాడు. ఆకు మీద గంటంతో గీస్తే మళ్ళీ చెరిపేదానికి ఉండదు గదా మరి. ఏదో చెట్టుకి కూడా ఆ పేరు ఉండాదంట, రాళ్ళ సందుల్లో తేమకి మొలస్తాది, వైద్యానికి వాడేవాళ్ళు. ఊళ్ళో మేం ఇంకో రకంగా కూడా అనేవాళ్ళం. పిల్లను చూసేదానికి బయల్దేరతాం, చెరువు కట్ట మీదే బండి ఇరుసు ఇరగతాది, ఇంకేముంది, హంసపాదు పడింది పదండి ఇంటికి అనేవాళ్ళు. నీ పెళ్ళిచూపులకి అట్టాంటిదేం కాకూడదులే. ఇప్పుడు ఎవురికీ పన్లేదు ఆ మాటతో. కంప్యూటర్లో మీట నొక్కితే తప్పు మాయం, పోయిందని కూడా తెలవదు. ఏం చెప్తా ఉండా నేను? ఆఁ, తిరుపాలయ్య.

తిరుపాలయ్య ఉదయగిరిలో దస్తావేజులు రాసేవాడు. రిజిస్ట్రారాఫీసు ముందర యాపచెట్టు కింద చాప, చాప మీద వాలుబల్ల, పక్కన సిరాబుడ్డి. గీతలు గీసే రూళ్ళకర్ర ఒకటి ఉండేది, కొయ్య గరిటెలు చేసే సాయిబు కాడ చేయించుకున్నాడు, చేత్తో పట్టుకుంటే జారిపోయేంత నునుపు. సన్నంగా, పొడుగ్గా, చొక్కా గుండీలు మెడ దాకా పెట్టుకొని ఉండేవాడు. ఎండాకాలంలో కూడా తీసేవాడు కాడు. ఆయన చేతిరాత చూసేదానికే మనుషులు వచ్చేవాళ్ళంటే నమ్ము. కలిగిరి నుంచి వచ్చేవాళ్ళు, ఈ పక్క చేజర్ల నుంచి వచ్చేవాళ్ళు, వాళ్ళకి దగ్గర్లో రాసేవాళ్ళు లేకనా? కాగితం చివర ఒక మాట రాస్తారు, అది పద్ధతి. ఇన్ని కొట్టివేతలు, ఇన్ని దిద్దుబాట్లు, ఇన్ని హంసపాదులు అని లెక్క రాసి దాని కింద సంతకాలు. ఎనక ఎవురూ దొంగతనంగా మాట ఎక్కించకుండా. తిరుపాలయ్య రాసిన కాగితంలో మాత్రం, "కొట్టివేతలు లేవు, దిద్దుబాట్లు లేవు, హంసపాదులు లేవు." ఇరవై ఏళ్ళు అదే రాసినాడు. గొంతెత్తి చదివేవాడు ఆ మూడు ముక్కలు, తిరనాళ్ళ నాటకంలో రాజు వేషం కట్టినోడి మాదిరి. మిగతా రాసేవాళ్ళు ఈ చెవితో విని ఆ చెవితో వదిలేసేవాళ్ళు, లోపల మండేది వాళ్ళకి.

మా భాగాల కాగితం ఆయనే రాసినాడు. డెబ్భై నాలుగు అది, చైత్రమాసం. మా అన్న శ్రీకృష్ణ, నేను, ఇద్దరమే. మా అమ్మ నేను పుట్టిన ఏడాదికే పోయింది. మమ్మల్ని సాకింది మా మేనత్త వెంగమ్మ. పదహారేళ్ళకి మొగుడు పోయి పుట్టింటికి వచ్చింది, ఆ ఇంట్లోనే జుట్టు నెరిసింది. ఇంత ఎత్తు మనిషి, గొంతు చెరువు అవతలికి వినపడేది. బర్రెలు మేపి నన్ను ఎనిమిదో తరగతి దాకా చదివించింది తల్లీ. మా అన్నకి అబ్బలేదు. "చెంగా, ఇంట్లో ఒక్కడన్నా కాగితం చదివేవాడు ఉండాల్రా, లేకపోతే మనల్ని అమ్మేసినా తెలవదు" అనేది. భాగాలప్పుడు పెద్దమనుషులు అనుకున్నారు, కొట్టం పక్క గది, గది ముందర నిమ్మచెట్లు నాలుగు, వెంగమ్మ బతికున్నన్నాళ్ళు వెంగమ్మవి అని. ఆ గది నా భాగంలోకి వచ్చింది. మా అన్నకి ఆ మాట ఆఖర్లో గుర్తొచ్చింది, చిత్తు కాగితంలో చోటు లేక తిరుపాలయ్య ఎనకపక్క రాసుకున్నాడు. అదే వచ్చింది తంటా. స్టాంపు కాగితం మీద సాపు రాసేటప్పుడు ఎనకపక్క తిప్పలేదు. పొద్దు నెత్తి మీదకి వచ్చింది, ఆఫీసులో పిలుపు వస్తా ఉండాది, ఎంత పనిమంతుడికైనా చెయ్యే గదా.

సంతకాలకి ముందు అందరికీ చదివి వినిపించాల. మా అత్త కాగితంలో భాగస్తురాలు కాదు, అయినా వచ్చింది, కొత్త కోక కట్టుకొని ముందర కూర్చొనింది. చెట్టునీడ తిరిగిపోయి ఆయన నెత్తిన ఎండ పడతా ఉంటే నేను ఎనక నిలబడి గొడుగు పట్టినాను. గొడుగు పట్టకపోయినా బాగుండేది. చదవతా ఉండాడు, నేను పైనుంచి ఆ రాత చూస్తా ఉండా, ముచ్చటేసి. హద్దులు అయినాయి, బావి అయింది, కొట్టం అయింది. కొట్టం కాడ ఆగినాడు. ఒక్క గుక్క తిప్పుకున్నాడు. "కొట్టం పక్క గదియు, ముందరి నిమ్మచెట్లు నాలుగును, మేనత్త వెంగమ్మ గారు జీవించియున్నంత కాలము ఆమె అనుభవములో ఉండవలయును" అని చదివినాడు. అక్షరం పొల్లుపోలేదు. కాగితంలో లేదు పాపా. నేను చూస్తా ఉండా గదా. కొట్టం తర్వాత నేరుగా పేడదిబ్బ మాట ఉండాది. ఆ గది మాట నోట్లోనే ఉండాది, కాగితంలో లేదు. మా అత్త తలూపింది.

ఆయన తలెత్తి నా పక్క చూసినాడు. నేను చూసినానని ఆయనకి తెలిసింది, ఆయనకి తెలిసిందని నాకు తెలిసింది. ఎంతసేపని పని అది, చెప్పు. ఒక హంసపాదు వేసి, పైన రెండు పంక్తులు ఎక్కించి, చివర "హంసపాదు ఒకటి" అని రాస్తే సరిపోయేది. ఇరవై ఏళ్ళుగా లేవు లేవు అని చదివిన నోటితో ఒకటి అనాల, ఆ చుట్టూ కూర్చున్నోళ్ళ ముందర. అంతే. సంతకాలు అయినాక నన్ను పక్కకి పిలిచి, "మీ ఇంటి మాట మీ ఇంట్లో ఉంటాదిలే చెంగయ్యా, అత్తను తోసేసేవాడివా నువ్వు? కాగితం మొహం చెడగొట్టడం ఎందుకు" అన్నాడు. నేను సరే అన్నాను. ఇరవయ్యారేళ్ళోడిని. పెద్దాయన ముందర నోరు లేవలేదని ఇన్నేళ్ళూ చెప్పుకున్నాను, నాకు నేనే. అబద్ధం. గది నా భాగంలోది గదా, బరువు లేకుండా వచ్చిందే అని లోపల ఒక మూల అనిపించింది. అనిపించింది తల్లీ. ఇప్పుడు దాచి ఏం చేసుకుంటా, కాటికి కాళ్ళు చాపుకొని.

తొమ్మిదేళ్ళు ఏం కాలేదు. నాకు ఈడ బస్సు డిపోలో టైర్ల కాడ ఉద్యోగం వచ్చింది, ఊళ్ళో నా భాగం అమ్మేసినాను. జలదంకి నుంచి వచ్చిన రమేష్‌బాబు అనే ఆయన కొనుక్కున్నాడు. మంచోడే, ఆయన్ని అనేదానికి లేదు. గదిలో మా అత్త ఉండాదని ఆయనకి తెలుసు, ఆత్మకూరికి తీసకపోతాలే అని నేనే చెప్పినాను. మా అత్త కదిలితే గదా. "నేనెందుకు వస్తాన్రా ఆడికి? నా గది ఉండాది, నా చెట్లు ఉండాయి, కాగితంలో ఉండాది, తిరుపాలయ్య చదివినాడు, నా చెవులతో విన్నాను" అంటాది. రమేష్‌బాబు పెద్దమనుషులకి కాగితం చూపించినాడు. వాళ్ళూ చదువుకున్నారు, అనుకున్నది నిజమే గాని కాగితంలో లేదన్నారు. వాళ్ళకి చదవడం రాలేదులే అనింది మా అత్త. నకలు తీయించుకొని, నన్ను వెంటబెట్టుకొని, పల్లె నుంచి ఉదయగిరికి నడిచింది. బస్సు ఎక్కుదాం అత్తా అంటే వినలేదు. దోవ పొడుగునా నేను చెప్పేయాలనుకుంటా నడిచినాను, కొండ కనపడే దాకా అనుకున్నాను, ఆఫీసు కనపడే దాకా అనుకున్నాను.

తిరుపాలయ్య చాప మీదే ఉండాడు. "గట్టిగా చదవు నాయనా, చెవులు మందగించినాయి" అని కాగితం ఇచ్చింది. ఆయన చదివినాడు. హద్దులు, బావి, కొట్టం. ఆగినాడు. ఈసారి ఆ చోట ఏలు పెట్టి చూపించినాడు. "ఈడ ఉండాలమ్మా. నేను రాయలేదు" అన్నాడు. "చదివినావు గదా?" అనింది. "చదివినాను తల్లీ. రాయలేదు." ఆమెకి అర్థం కాలేదు. ఎట్టా అవతాది? "మరి నేను విన్నది ఏంది నాయనా?" అనింది. ఆ మాటకి ఆయన చొక్కా పైగుండీ తీసుకున్నాడు. మా అత్త కాసేపు కాగితం పక్క చూసింది. తర్వాత నా పక్క తిరిగింది. "చెంగా, ఆ పొద్దు నువ్వు ఆయన ఎనకనే ఉండావు గదరా. గొడుగు పట్టుకొని. నీకు చదువొచ్చు గదరా" అనింది. అరవలేదు. అరిచి నాలుగు తిట్టి ఉంటే నేను బతికిపోయేవాణ్ణి.

వచ్చేసింది ఈడికి. రేకుపెట్టె ఒకటి తెచ్చుకొనింది, మంచం కింద పెట్టుకొనింది. పదకొండు నెలలు ఉండాది, ఒక్కనాడన్నా పెట్టెలో గుడ్డలు తీసి దండెం మీద వెయ్యలేదు. ఉతుక్కోవడం, ఆరినాక మడతపెట్టి మళ్ళీ పెట్టెలో పెట్టుకోవడం. చుట్టాలింటికి వచ్చిన మనిషి మాదిరి. మీ అవ్వ బతిమాలింది, ఇది నీ ఇల్లు గాదా పెద్దమ్మా అని. "ఆఁ, ఆఁ" అనేది. ఆ గొంతు పోయింది తల్లీ, చెరువు అవతలికి వినపడే గొంతు. అడిగిన దానికి పలకడం తప్ప మాట లేదు. పెట్టె సర్దుకొనే ఉండాది, పోయినాక మేం సర్దే పని లేకుండా.

తిరుపాలయ్య ఆ తర్వాత మనిషి కాలేదు. కాగితం రాసి, ముసలోళ్ళు, చదువురాని ఆడోళ్ళు ఎవురుంటే వాళ్ళ చూపుడేలు పట్టుకొని, "ఇదో, ఈడ ఉండాది నీ మాట, ఇదో ఈడ" అని కాగితం మీద పెట్టించేవాడు. "ఏమన్నా మిగిలిందా, చెప్పండి, మిగిలిందా?" అని పదిసార్లు అడిగేవాడు. ఎవురు ఏం చెప్పినా ఎక్కించేవాడు. కాగితం నిండా హంసపాదులే, చీమలు పాకినట్టు. ఆఫీసులో విసుక్కున్నారు, జనం నవ్వినారు, హంసపాదుల తిరుపాలు అని పేరు పెట్టినారు. గిరాకీ పోయింది. తొంభైలో కాబోలు, చూసేదానికి పోతే గుర్తుపట్టినాడు నన్ను. "చెంగయ్యా, ఒక్కటి వేసి ఉంటే అయిపొయ్యేది గదయ్యా" అన్నాడు. టీ తాగి వచ్చేసినాను. పోయినాడని తర్వాతెప్పుడో తెలిసింది.

అదీ హంసపాదు అంటే. ఏంది, కళ్ళు తుడుచుకుంటా ఉండావా? ఏడ్చేదానికి చెప్పలేదు పాపా, నువ్వు అడిగితే చెప్పినాను. ఇదో, నా ఏలు పట్టుకో. ఇందాక చదివినావే, ఎనక రెండు గదులు పెంచలమ్మ బతికున్నన్నాళ్ళు అని, ఆ మాట మీద పెట్టు. రేపు బొటనేలు వేసే ముందర ఒకసారి తాకుదామని. అంతే. ఏంది, కాగితాలు తిప్పతానే ఉండావు? నాలుగే గదా. అశ్వితా. ఏడ ఉండాదమ్మా? ... ఊఁ. లేదా. ... మీ నాయన చెప్పినాడా అట్టా చదవమని? ... సరే, సరే, చెప్పబాక. బాగా చదివినావు తల్లీ. యాడా తడబడలేదు. తిరుపాలయ్య అయినా ఆడ గుక్క తిప్పుకున్నాడు.

కుట్టుమిషను చప్పుడు ఆగింది. మీ అత్త వస్తా ఉన్నట్టుండాది, కాగితాలు మడత పెట్టు.