నాలుగు పక్కలా కొట్టేస్తే ముంగిసలెటెల్తాయి?

"మామ్మా, పొద్దున్నే ఫోన్లో నాన్న మీద అంతలా ఎగిరేవేటి? ముంగిసల కోసమా?" అన్నాను. అంతే, మొదలెట్టేసింది. సెప్పింది సెప్పినట్టే టైపు కొట్టేస్తన్నా, సదువుకోండి.

ముంగిసల కోసమా అని అంత తేలిగ్గా అడుగుతావేటే గుంటా? మీ నాన్నకి బుర్రుండాలా వద్దా? సెరుకు కటింగ్ ఆర్డరొచ్చేసిందట, బేగి గోవాడ ఫ్యాక్టరీకి తోలేయాలట, అందుకని మన తోటలో కూలోళ్ల ముఠాని పంచేసి రెండు పక్కల్నించీ... రెండేటి, నాలుగు పక్కల్నించీ కొట్టించేస్తన్నాడు! గెడ్డ నీళ్ల పక్క కూడాను! నాకొక్క ముక్క సెప్పేడా? పాలు పోసే నూకాలమ్మ సెప్తే తెలిసింది.

నీకు తెలీదు గానీ, నేను కాపరానికొచ్చిన కొత్తలో ఏటి జరిగిందంటే... మాది చీడికాడ అవతల కొండ పక్కన కదా, మాకు సోళ్లే, అదే రాగులే గానీ సెరుకెక్కడిది? మీ తాతకి అంబలి పట్టుకెల్తన్నాను. గట్టు మీద ఇంత పొడుగు పాము! బూడిద రంగు. ఓలమ్మో అని కుండ పడేసేను. మా మావ, అంటే మీ తాత నాన్న, పడీ పడీ నవ్వేడు. "పాము కాదే అమ్మా, సరీగ్గా సూడు" అన్నాడు. సూస్తే, ముందు తల్లి ముంగిస, దాని తోక కాడ ఒక పిల్ల మూతి, ఆ పిల్ల తోక కాడ ఇంకో పిల్ల, అలాగ నాలుగు. కాదు, మూడు. మూడే. ముందుది ఆగితే ఎనకవన్నీ గుద్దుకుంటాయి! రైలు పెట్టెలనుకో.

మా మావ సెప్పేవోడు, సెరుకు ఎప్పుడూ కొండ పక్కనించి మొదలెట్టాలి, గెడ్డనానుకున్న నాలుగు సాళ్లు మర్నాటికి వదిలేయాలి అని. ఎందుకేటి? మనుషులుంటే ముంగిస బయలులోకి రాదు. దట్టంగా ఉన్న సెరుకులోకే దూరతాది. మనం కొట్టుకుంటా ఎల్తంటే అది పిల్లల్ని కీచ్ కీచ్ మని పిలుసుకుంటా గెడ్డ కాడికి జరిగిపోతాది. అక్కడ మొగలి డొంకలున్నాయి, పీతలున్నాయి. పీతల్ని ఎలా తింటాదో సూసేవా? కాళ్ల సందులోంచి ఎనక్కి రాయికేసి కొడతాది, ఫట్ మని. కోడిగుడ్డూ అంతే. నా గుడ్లెన్ని తినేసిందో! ఎప్పుడైనా తిట్టేనా? తిట్టేననుకో. అది వేరు.

మా మావ పోయిన ఏడు మీ తాతకి తొందరొచ్చింది. అచ్చం ఇప్పటి మీ నాన్నలాగే! నాలుగు పక్కలా కొట్టించేడు. మజ్జానానికి తోట మద్దిన మన వాకిలంత సెరుకు మిగిలింది. అన్నీ అందులోనే ఉండిపోయేయి. చుట్టూ మనుషులు, సెరుకు ముక్కలు పట్టుకుని ఒకటే కేకలు, ఏదో ఆటలాగ. తల్లి ఒకసారి బయటికొచ్చింది. దారి దొరికింది. ఎల్లిపోవచ్చు కదా? ఎల్లలేదు. పిల్లలు రాలేదని మళ్లీ లోపలికి దూరింది.

ఆ తరవాత అడక్కు. సెప్పను. నాకప్పుడు ఏడో నెల. మీ నాన్నే కడుపులో.

సాయంత్రం మీ తాత మాడుగుల ఎల్లి హల్వా తెచ్చేడు. అప్పట్లో అర్ధ రూపాయికే పెద్ద పొట్లం. నేను ముట్టుకోలేదు. ఆ మరుసటేడు ఎలకలు మొదళ్లు కొరికేసి సెరుకంతా పడుకుండిపోయింది. మందు పెట్టేడు మీ తాత. మా కోళ్లు సచ్చేయి, ఎలకలు సావలేదు! గట్టు మీద మళ్లీ ముంగిస కనపడ్డానికి మూడేళ్లు పట్టింది.

ఇదంతా మీ నాన్నకి తెలీదా? అన్నం పెడతా ఎన్నిసార్లు సెప్పేనో. పొద్దున్న ఏటన్నాడో ఇన్నావా? "ముంగిసల కోసం సెరుకు ఎండబెట్టమంటావేటమ్మా?" అట. ఎండబెట్టమన్నానేటి? ఆ నాలుగు సాళ్లు రేపు కొట్టుకోమన్నాను! మొన్నే సూసేను, తల్లీ రెండు పిల్లలూ. కళ్లు తెరిసి ఎన్నాళ్లో అవలేదు. ట్రాక్టరు ఆగదట. ట్రాక్టరుకేటి, అది పిల్లల్ని కన్నదేటి?

టైమెంతయింది? పదిన్నరా? అయితే మద్దిన ఇంకా మిగిలుంటాది, గెడ్డ పక్క కూడా పూర్తిగా అయ్యుండదు. ఫోన్ కొట్టు. ఎత్తట్లేదా? ఎత్తడు, నా నంబరే కదా. నీ ఫోన్నించి కొట్టు. ఎత్తట్లేదూ?

ఆ టైపు కొట్టడం ఆపి స్కూటీ తియ్యవే. నేనెల్లి గెడ్డ పక్క సాళ్ల ముందు కూకుంటాను, నా మీంచి కొడతారేటో సూద్దాం. ఎండా? ఎండకేటి, నేను ఎండలోనే పుట్టేను. పద. నువ్వు సల్లగుండాలి, నీ పిల్లలు నీ ఎనకాలే వరసగా నడవాలి, అన్ని పరీక్షలూ పాసైపోవాలి గానీ, ముందు బండి తియ్యి. తోట కాడికెల్లేక హారన్ కొట్టకు. బెదురుతాయి.