ప్రభుత్వానికి అప్పగించిన తల

1986 మార్చి ఒకటవ తేదీన, వసంతానికి స్వాగతంగా మనవాళ్ళు కట్టుకునే ఎరుపు తెలుపు దారం మణికట్టుకు కట్టుకుని, రుమేనియా రాజధాని బుఖారెస్టులోని మన బల్గేరియా రాయబార కార్యాలయంలో తృతీయ కార్యదర్శిగా చేరిన శ్రీమతి ఇస్క్రా బొజిలోవా గారు, వియన్నా, ప్రాగ్, లిస్బన్ నగరాలలో అవిశ్రాంతంగా దేశసేవ చేసి, తిరిగి ఈ కార్యాలయానికే రాయబారిగా విచ్చేసి, ఈ మాసాంతాన పదవీ విరమణ చేస్తున్నారు. వారి గురించి నాలుగు మాటలు రాయడం సులువే గాని, వివరాలు చెప్పించుకుందామంటే వారిని ఒకచోట కూర్చోబెట్టడం ఎవరి తరం? ఇస్క్రా అంటే మన భాషలో నిప్పురవ్వ; పేరుకు తగ్గట్టే కాలు నిలవని మనిషి. దస్త్రాలు వసారాలో నడుస్తూ చదివారు, సంతకాలు కిటికీ గట్టు మీద పెట్టారు. వారికి పోసిన కాఫీ ఏనాడూ వేడిగా పెదవికి తగిలింది లేదు.

చేరిన తొలి వసంతంలోనే, డాన్యూబ్ మీద ఫెర్రీ వేళల గురించి రుమేనియా అధికారులతో చర్చ జరిగింది. అంతా కుదిరాక అవతలి పెద్దాయన సమ్మతమేనా అని అడిగితే, నదికి మన ఒడ్డున రూసె పట్టణంలో పుట్టి పెరిగిన ఇస్క్రా గారు, నోరు తెరిచేలోగా, మన వాళ్ళందరిలాగే తల అడ్డంగా ఊపారు. మన ఒడ్డున అది అవును. ఆ ఒడ్డున కాదు. ఆయన ముఖం మాడ్చుకుని లేచి వెళ్ళిపోయారు. మళ్ళీ బతిమాలి బల్ల దగ్గరకు తెచ్చేసరికి వేసవి వచ్చింది. నాటి రాయబారి నైదెనోవ్ గారు ఆమెను పిలిపించి, కోప్పడలేదు గాని ఒక్క మాట అన్నారు.

"చూడమ్మాయ్, ఈ ఉద్యోగంలో ఉన్నన్నాళ్ళూ నీ తల నీది కాదు, ప్రభుత్వానిది. ఇంటికెళ్ళేటప్పుడు తిరిగిచ్చేస్తాంలే."

ఆ మాట పట్టుకుని ఇస్క్రా గారు అద్దం ముందు నిలబడి, అవునంటే నిలువుగా, కాదంటే అడ్డంగా ఊపడం సాధన చేశారు. ఆ తరువాత ఏ నగరంలోనూ, ఏ విందులోనూ వారి తల పొరబడలేదు.

పొరబడింది మన మనిషి ముందు. రాయబారిగా వచ్చిన రెండవ శీతాకాలంలో మన సరుకు పడవ మెకానిక్ ఒకరు నదిలో గాయపడి, రుమేనియా ఒడ్డున ఆసుపత్రి పాలయ్యారు. కబురు అందగానే ఇస్క్రా గారు స్వయంగా కారు నడుపుకుంటూ వెళ్ళారు. ఆపరేషన్ ఫలించింది, ప్రాణభయం లేదని డాక్టరు గారు చెబుతుంటే, కృతజ్ఞతతో తల నిలువుగా మళ్ళీ మళ్ళీ ఊపారు. గాజు తలుపు వెనక మెకానిక్ భార్య పెంకా నిలబడి ఉంది. ఆమెకు మాటలు వినబడలేదు, తల కనబడింది; నిలువుగా ఊపితే మన ఒడ్డున కాదనే. అక్కడికక్కడే కూలబడిపోయింది. బతికాడమ్మా, బతికాడు అని ఇస్క్రా గారు పొదివి పట్టుకుని ఎంత చెప్పినా నమ్మదే.

"మరి కాదు కాదన్నారు గదండీ," అంది పెంకా. "ఇంతకీ మీరు మనోళ్ళేనా?"

ఆ ప్రశ్న వారిని నేటికీ కుదురుగా ఉండనివ్వడం లేదు. కారణం ఇంట్లోనే ఉంది. వారి భర్త స్తోయాన్ గారికి రూసె ఓడల కర్మాగారంలో సుత్తుల మోతకు వినికిడి పూర్తిగా పోయింది. పెదవులు చూసి మాట పట్టడం నేర్చుకోమంటే, నా పెళ్ళాం తల చాలదా అన్నారట. ఆ తలేమో పరాయిదైపోయింది. డాన్యూబ్ వంతెన దాటి సెలవుకు రూసెలోని ఇంటికి వెళ్ళినప్పుడు, బీన్స్ సూప్ ఇంకాస్త పొయ్యనా అని ఆయన అడిగితే ఈవిడ అలవాటుగా తల నిలువుగా ఊపుతారు, ఆయన గిన్నె తీసుకుపోతారు. మొదట్లో ఇద్దరూ పడీపడీ నవ్వుకున్నారు. పోయిన ఏడాది మాత్రం ఆయన నవ్వలేదట.

"ఇంటికొచ్చింది నా పెళ్ళామా, రాయబారి గారా?" అని అడిగి లేచి వెళ్ళిపోయారట.

విరమణ దగ్గర పడుతున్న కొద్దీ వసారాలో ఆ నడక ఎక్కువైంది. ఇంత దేశానికి జవాబు చెప్పిన దాన్ని, ఇంట్లో ఒక్క మనిషికి జవాబు చెప్పలేనేమోనని వారు భయపడ్డారు. ఆ భయం చూసి మాకూ నిద్ర పట్టలేదు.

మన కార్యాలయ పత్రిక ఈ సంచిక అచ్చుకు వెళ్ళే ముందు వీడ్కోలు విందు జరిగింది. రుమేనియా అతిథులు, మనవారు ఒకరి తరువాత ఒకరు పొగుడుతూనే ఉన్నారు. ఒక్క ముక్కా వినబడని స్తోయాన్ గారు ముందు వరుసలో ఓపిక పట్టీ పట్టీ, చివరికి లేచి నిలబడి, హాలంతా మారుమోగేలా అడిగేశారు.

"ఇస్క్రా, అయిపోయిందా? ఇంక నాతో ఇంటికొచ్చేస్తావా?"

ఉపన్యాసం ఆగిపోయింది. ఇస్క్రా గారి గడ్డం అలవాటుగా కిందికి దిగబోయి, మధ్యలో నిలిచింది. స్తోయాన్ గారు కన్నార్పడం లేదు. అప్పుడు ఆ తల నెమ్మదిగా అటు ఊగింది, ఇటు ఊగింది, మళ్ళీ అటు. రుమేనియా వారి ముఖాలు పాలిపోయాయి. ఒక పెద్దావిడ పాపం ఆయన భుజం మీద చెయ్యి వేసి ఓదార్చబోయారు. ఆయన ఆ చేతిని ఆప్యాయంగా నొక్కి వదిలి, భార్య కోటు తేవడానికి వెళ్ళారు. ఇస్క్రా గారు కుర్చీ లాక్కుని కూర్చుని, ఎదుట ఉన్న కాఫీ వేడివేడిగా తాగారు.

నైదెనోవ్ గారు నేడు మన మధ్య లేరు గనుక, వారిచ్చిన మాట మేమే చెల్లిస్తున్నాం. అమ్మా, ఇన్నేళ్ళూ దేశం వాడుకున్న మీ తలను సగౌరవంగా మీకు తిరిగి అప్పగిస్తున్నాం. ఆయురారోగ్యాలతో, స్తోయాన్ గారి చేతి సూప్ కడుపారా తాగుతూ, ఆయన ఇంకాస్త పొయ్యనా అన్న ప్రతిసారీ దాన్ని అడ్డంగా ఊపుతూ నిండు నూరేళ్ళు వర్ధిల్లండి.